పదహారో గీత దగ్గర నలభై యూనిట్లు: ఒక ఇన్సులిన్ పొరపాటు కేస్ స్టడీ

నెల్లూరులో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో మెడికల్ వార్డుకు ఇన్‌చార్జి నర్సుగా పనిచేస్తున్నాను. ఈ వృత్తిలోకి వచ్చి 19 ఏళ్లు. పేషెంటు కుటుంబం సరేనన్న తర్వాతే ఈ కేసు రాస్తున్నాను. మనిషిని గుర్తుపట్టే వివరాలు కొన్ని మార్చాను.

ఆ రాత్రి చార్టు ఇప్పటికీ నా కళ్ల ముందే ఉంది. మందు ఇచ్చిన అమ్మాయి ఐదు రైట్లకూ టిక్ పెట్టింది. సరైన పేషెంటు, సరైన మందు, సరైన డోసు, మందు ఇచ్చే సరైన దారి, సరైన సమయం. ఒక్క టిక్ కూడా చూడకుండా పెట్టింది కాదు. అయినా పేషెంటు ఒంట్లోకి రాసినదానికి రెండున్నర రెట్లు ఇన్సులిన్ వెళ్లింది. నర్సింగ్ చదివిన ప్రతివాళ్లూ ఈ కేసు తెలుసుకోవాలని నా కోరిక.

పేషెంటు

వయసు 62. మైపాడు వైపు పల్లె. రొయ్యల గుంటల దగ్గర మేత చల్లడం, రాత్రి కాపలా ఆయన పని. షుగరు వచ్చి 14 ఏళ్లు. గుంట గట్టు మీద నడుస్తుంటే కుడికాలి బొటనవేలి కింద ఆల్చిప్ప గుచ్చుకుంది. పాదాల్లో స్పర్శ తగ్గిపోయి ఉండటంతో మూడు రోజులు ఆయనకే తెలియలేదు. చెప్పులో రక్తపు మరక చూసి భార్య కనిపెట్టింది. మా దగ్గరికి వచ్చేసరికి పుండులో చీము, జ్వరం 101 డిగ్రీలు. క్రియాటినిన్ 2.1, అంటే కిడ్నీలు బలహీనం. బీపీకి మెటోప్రొలాల్ వాడుతున్నాడు. షుగరుకి 30/70 ప్రీమిక్స్ (రెండు రకాలు కలిపిన) ఇన్సులిన్, ఉదయం 24 యూనిట్లు, రాత్రి 16 యూనిట్లు.

ఇందులో ఒక చిన్న వివరం తర్వాత పెద్దదైంది. రెండు నెలల క్రితం దాకా ఆయన ఇన్సులిన్‌ని సీసాలోంచి ఎర్రమూత సిరంజితో తీసుకునేవాడు. చెన్నైలో ఉద్యోగం చేసే కొడుకు వచ్చి, నాన్నకు చూపు ఆనడం లేదని ఇన్సులిన్ పెన్ను కొనిచ్చాడు. ఆసుపత్రికి బయల్దేరిన హడావిడిలో భార్య పెన్నును ఇంట్లోనే మరిచిపోయి, పెన్నులో వేసే మందు గొట్టాల, అంటే కార్ట్రిడ్జ్‌ల, కొత్త పెట్టె ఒక్కటీ తడిగుడ్డలో చుట్టి తెచ్చింది. మే నెల కదా, ఎండకు పాడవుతుందని ఆమె భయం. ఆమె చేసింది మంచి పనే. ఆ పెట్టెను మా ఫ్రిజ్‌లో పెట్టేటప్పుడు దాని మీద ఏం రాసి ఉందో మేము చదవలేదు.

రాత్రి ఎనిమిది నుంచి తెల్లవారే దాకా

రాత్రి 8 గంటలకు జీఆర్‌బీఎస్ (వేలి చుక్కతో చూసే షుగరు) 246. వార్డులో 19 మంది పేషెంట్లు, ఒక నర్సు, ఒక ఆయా. ఆ నర్సు జీఎన్ఎం అనే నర్సింగ్ డిప్లొమా పూర్తిచేసి మా దగ్గర చేరి ఎనిమిది నెలలైంది. శ్రద్ధ ఉన్న పిల్ల. పేషెంటు పేరు, ఇంటిపేరు, ఐపీ నంబరు (అడ్మిషన్ నంబరు) అడిగి మరీ సరిచూసింది. మా జిల్లాలో ఇది ఊరికే చేసే పని కాదు. పెంచలకోన నరసింహస్వామి పేరు, కసుమూరు మస్తాన్ పేరు ఇంటింటా ఉంటాయి. ఒకే వార్డులో ఇద్దరు పెంచలయ్యలు, ముగ్గురు మస్తానమ్మలు ఉన్న రోజులు నేను చూశాను. పేరు పెట్టి పిలిస్తే ముగ్గురూ పలుకుతారు. ఆ అమ్మాయి అక్కడ తప్పు చేయలేదు.

పెన్ను లేదు కాబట్టి కార్ట్రిడ్జ్ రబ్బరు మూతను స్పిరిట్‌తో తుడిచి, ట్రేలో ఉన్న ఇన్సులిన్ సిరంజితో 16వ గీత దాకా లాగి, పొట్ట మీద ఇచ్చింది. ట్రేలో ఉన్నది ఎర్రమూత సిరంజి.

పేషెంటు నాలుగు ఇడ్లీలు తెప్పించుకుని రెండే తిన్నాడు. మెట్రోనిడజోల్ డ్రిప్ ఎక్కుతున్నప్పటి నుంచి నోరు చేదుగా ఉందన్నాడట. ఆ రెండు ఇడ్లీల సంగతి ఎవరూ రాయలేదు.

రాత్రి 2.50కి భార్య నర్సింగ్ స్టేషన్‌కి వచ్చింది. "సిస్టరమ్మా, ఒకసారి వచ్చి చూడమ్మా. ఈయన పిలస్తే పలకతా లేడు. ఒళ్లంతా చల్లంగా ఉండాది."

ఇక్కడ కాసేపు ఆగాలి. మే నెలలో నెల్లూరులో, ఫ్యాన్లు తిరిగే జనరల్ వార్డులో, ఆ రాత్రి అందరికీ చెమటలే. చొక్కా తడిసి ఉన్న పేషెంటును చూసి మనం ఎండాకాలం అనుకుని వెళ్లిపోతాం. ఆమె వెళ్లిపోలేదు. చేయి వేసి చూసింది. ఉక్కకు పట్టే చెమటయితే ఒళ్లు వెచ్చగా ఉంటుంది. ఆయన ఒళ్లు కుండలా చల్లగా ఉంది. పైగా మెటోప్రొలాల్ లాంటి బీటా బ్లాకర్లు వాడేవాళ్లలో షుగరు పడిపోయినా గుండెదడ, వణుకు పెద్దగా కనబడవు. చెమట మాత్రం ఆగదు. ఆయన దగ్గర మిగిలిన గుర్తు ఆ ఒక్కటే. దాన్ని పట్టుకున్నది చదువుకోని ఆ తల్లి.

జీఆర్‌బీఎస్ 34. డ్యూటీ డాక్టరు గారు వెంటనే వచ్చారు. 25 శాతం డెక్స్‌ట్రోజ్ (గ్లూకోజ్) 100 మి.లీ. ఐవీలో ఇచ్చారు. పావుగంటకు షుగరు 148. కళ్లు తెరిచి భార్య పేరు పిలిచాడు. చాలా చోట్ల కేసు ఇక్కడే ముగిసిందనుకుంటారు. 4.30కి మళ్లీ చూస్తే 66. ప్రీమిక్స్‌లో 30 పాళ్లు తొందరగా పనిచేసేది, 70 పాళ్లు నెమ్మదిగా గంటల తరబడి పనిచేసేది. కిడ్నీలు బలహీనంగా ఉన్నప్పుడు ఇన్సులిన్ ఒంట్లోంచి త్వరగా పోదు. ఒక్కసారి గ్లూకోజ్ ఎక్కించి నిద్రపోనిస్తే తెల్లారేసరికి మళ్లీ పడిపోతాడు. 10 శాతం డెక్స్‌ట్రోజ్ డ్రిప్ పెట్టి గంట గంటకూ షుగరు చూశారు. ఇన్సులిన్ ఎక్కువైతే పొటాషియం కూడా రక్తంలోంచి కణాల్లోకి వెళ్లిపోతుంది కాబట్టి అదీ చూశారు. 3.3 వచ్చింది, కాస్త తక్కువే. మర్నాడు రాత్రి దాకా ఆయన పక్కన గ్లూకోమీటరు కదల్లేదు.

ఉదయం 7 గంటలకు నేను డ్యూటీకి వచ్చేసరికి హ్యాండోవర్‌లో ఉన్న మాట: "రాత్రి సరిగా తినలేదు, హైపో వచ్చింది." హైపో అంటే షుగరు పడిపోవడం.

మిగిలిన 2.6 మిల్లీలీటర్లు

ఆ వివరణతో నాకు మనసు ఒప్పలేదు. 246 ఉన్న మనిషి, రెండు ఇడ్లీలైనా తిన్న మనిషి, 16 యూనిట్లకు 34కు పడిపోయి, గ్లూకోజ్ ఎక్కించాక కూడా మళ్లీ జారడం లెక్కకు సరిపోవడం లేదు. కిడ్నీల వల్ల కొంత అనుకున్నా, ఇంట్లో రెండు నెలలుగా అదే డోసు కదా.

మందుల ట్రే దగ్గరికి వెళ్లాను. ఉదయం 7.30 డోసు కోసం కార్ట్రిడ్జ్, పక్కన ఎర్రమూత సిరంజి సిద్ధంగా పెట్టి ఉన్నాయి. షుగరు తక్కువని డాక్టరు గారు ఆ డోసు ఆపారు కాబట్టి సరిపోయింది. లేకపోతే 24వ గీత దాకా లాగి ఇచ్చేవాళ్లం. అది 60 యూనిట్లు.

రాత్రి డ్యూటీ అమ్మాయి ఇంకా వెళ్లలేదు. "ఏ సిరంజితో తీశావో చూపించమ్మా" అన్నాను.

"ఇన్సులిన్ సిరంజే అక్కా. ట్రేలో ఉన్నదే. పదహారు దాకానే లాగాను, రెండుసార్లు చూసుకున్నాను."

ఆమె చెప్పింది నిజం. కొత్త కార్ట్రిడ్జ్‌లో 3 మి.లీ. ఉంటుంది, అంటే 300 యూనిట్లు. 16 యూనిట్లు పోతే 2.84 మి.లీ. మిగలాలి. ఫార్మసీ నుంచి నారింజ మూత సిరంజిలు తెప్పించి, మిగిలినదంతా లాగి కొలిచాం. దాదాపు 2.6 వచ్చింది. ఆ అమ్మాయి మొహం అప్పుడు తెల్లబోయింది.

తెలియని వాళ్ల కోసం లెక్క వివరంగా చెబుతాను. మన దేశంలో ఇన్సులిన్ ఎక్కువగా రెండు బలాల్లో దొరుకుతుంది. సీసాల్లో ఎక్కువగా మిల్లీలీటరుకు 40 యూనిట్లు. పెన్నులు, కార్ట్రిడ్జ్‌లలో ఎక్కువగా మిల్లీలీటరుకు 100 యూనిట్లు. 100 బలం ఉన్న సీసాలు కూడా ఉన్నాయి. అమెరికాలో 1970లలోనే 100కి మారడం మొదలుపెట్టారు కాబట్టి అక్కడి పాఠ్యపుస్తకాల్లో మన గొడవ అంతగా కనబడదు. ఎర్రమూత సిరంజిని 40 బలం కోసం గీశారు. అందులో ఒక్కో యూనిట్ గీత 0.025 మి.లీ. నారింజ మూత సిరంజిని 100 బలం కోసం గీశారు. అందులో ఒక్కో యూనిట్ 0.01 మి.లీ. ఎర్రమూత సిరంజిలో 16వ గీత అంటే 0.4 మి.లీ. అంత మందులో 100 బలం ఇన్సులిన్ ఉంటే అది 40 యూనిట్లు. గీత 16 అనే చెబుతుంది. సిరంజికి తన లోపల ఏ బలం మందు ఉందో తెలియదు.

మాటలతో ఇది పూర్తిగా బుర్రకెక్కదని నాకు అనుభవం. అందుకని రెండు స్టీలు చెంచాలు తెప్పించాను. రెండు సిరంజిల్లోనూ నీళ్లు 16వ గీత దాకా లాగి, చెరొక చెంచాలో వదిలాను. ఒకదాంట్లో కంటి చుక్కల మందు నాలుగైదు చుక్కలంత. రెండోదాంట్లో చెంచా అడుగు పరుచుకుని, కాస్త వంచితే అంచుదాకా జారేంత. రెండింటి మీదా రాసి ఉన్న అంకె మాత్రం ఒకటే, 16. డే షిఫ్ట్ అమ్మాయిలు చుట్టూ నిలబడి చూశారు. అంతకుముందు వాళ్లకు అదే కార్ట్రిడ్జ్ చూపించి 16 యూనిట్లు తీయడానికి ఎర్రమూత సిరంజి అందించాను. ఐదుగురిలో ఇద్దరే ఆగి "ఇది దీనికి కాదు కదా మేడమ్" అన్నారు. మిగతా ముగ్గురు సిరంజి అందుకున్నారు. వాళ్లలో ఒకామెకు తొమ్మిదేళ్ల సర్వీసు.

ఇంట్లో వాళ్లకు చెప్పడం

డాక్టరు గారూ నేనూ కలిసి భార్యకు చెప్పాం. కొడుక్కి ఫోన్ చేశాం. "ఇన్సులిన్ మా వల్ల ఎక్కువ వెళ్లింది బాబూ. 16 ఇవ్వాల్సింది 40 వెళ్లింది. ఎలా జరిగిందో కనుక్కున్నాం. నాన్నగారు ఇప్పుడు మాట్లాడుతున్నారు, రేపటి దాకా గంట గంటకూ చూస్తాం" అన్నాను. అవతల చాలాసేపు మాట లేదు. కోప్పడతాడనుకున్నాను. "మళ్లీ పొద్దున్నే అట్నే ఇచ్చేవాళ్లా మేడమ్?" అని అడిగాడు. అవును, ఇచ్చేవాళ్లమే అని చెప్పాను. ఆ ప్రశ్నకు అబద్ధం చెప్పడం నాకు చేతకాలేదు. సాయంత్రానికి బస్సులో వచ్చాడు. ఇంట్లోంచి పెన్ను తెచ్చి నా చేతికిచ్చాడు.

మేనేజ్‌మెంట్ మీటింగ్‌లో ఆ అమ్మాయిని పంపించేద్దాం అన్న మాట వచ్చింది. నేను చెంచాల సంగతి చెప్పాను. ఐదుగురిలో ముగ్గురు అదే చేయబోయారని చెప్పాను. ఆమెను పంపిస్తే ఆ ట్రే అలాగే ఉంటుంది, రేపు ఇంకొకరి చేతికి వస్తుంది. ఈ మాట నేను గట్టిగానే అన్నాను. ఆమె ఉద్యోగంలో ఉంది.

ఎక్కడెక్కడ జారింది

ఇంటి నుంచి వచ్చిన మందును వార్డులోకి తీసుకోవడానికి మాకు ఒక పద్ధతి అంటూ లేదు. ఫ్రిజ్‌లో ఖాళీ ఉంటే పెట్టడమే. ప్రిస్క్రిప్షన్ మీద మందు పేరు, 16 యు అని ఉంది, బలం లేదు. 'యు' అన్న ఇంగ్లిష్ అక్షరం గబగబా రాస్తే సున్నాలా కనబడి 4 కాస్తా 40 అయిన సంగతులు ఈ వృత్తిలో అందరికీ తెలుసు. ఇక్కడ అది కారణం కాకపోయినా ఆ అలవాటు మా చార్టుల్లో కొనసాగుతూనే ఉంది. ట్రేలో ఒకే రకం సిరంజి ఉండటంతో "ఇన్సులిన్ సిరంజి" అంటే ఎర్రమూతదే అని అందరికీ పాతుకుపోయింది. ఆ అమ్మాయి సిరంజి చేతిలో పట్టుకున్నప్పుడు డ్రిప్ అయిపోయిందని ఒకరు, బెడ్‌పాన్ కావాలని ఒకరు, డిశ్చార్జి బిల్లు గురించి ఒకరు, మూడుసార్లు పిలిచారు.

2022 సెప్టెంబరు 17న ప్రపంచ పేషెంట్ సేఫ్టీ డేకి ప్రపంచ ఆరోగ్య సంస్థ మందుల భద్రతనే అంశంగా పెట్టింది. ఆ పోస్టరు మా ఫ్రిజ్ పైన గోడకు ఉంది. ఫ్రిజ్ తలుపు తీసిన ప్రతిసారీ అది ఎదురుగా కనబడుతుంది. నేనే అతికించాను. గోడ మీద ఉన్నది ట్రేలోకి దిగలేదు, ఆ బాధ్యత నాది.

ఇప్పుడు ఏం చేస్తున్నాం

కార్ట్రిడ్జ్‌లోంచి సిరంజితో ఇన్సులిన్ లాగడం పూర్తిగా మానేశాం. బలం సంగతి అలా ఉంచినా, అలా లాగితే లోపల గాలి చేరి తర్వాత పెన్నులో వేసినప్పుడు డోసు తప్పుతుంది. పెన్ను లేకపోతే డాక్టరుకు ఫోన్ చేసి, అదే రకం ఇన్సులిన్ 40 సీసా తెప్పించి, ఎర్రమూత సిరంజితో ఇస్తాం. వార్డు స్టాకులో 40 సీసాలు, ఎర్రమూత సిరంజిలు ఒకే డబ్బాలో ఉంటాయి, వేరేది దాంట్లోకి రాదు. ఇంటి నుంచి ఏ ఇన్సులిన్ వచ్చినా తెల్ల ప్లాస్టరు ముక్క మీద పేరు, ఐపీ నంబరు, పెద్ద అంకెల్లో 40 లేదా 100 రాసి అతికించాకే ఫ్రిజ్‌లోకి వెళ్తుంది.

ఇద్దరు చూడటం గురించి ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే మొదట్లో దాన్ని మేము తప్పుగా చేశాం. "పదహారు కదా అక్కా?" అని సిరంజి చూపిస్తే రెండో నర్సు "ఆఁ" అనేస్తుంది. గీత 16 దగ్గరే ఉంది కదా. అలాంటి చెకింగ్ ఆ రాత్రి ఉన్నా ఈ పొరపాటు ఆగేది కాదు. ఇప్పుడు మొదటి నర్సు ఏమీ చెప్పదు. రెండో నర్సు చార్టు తన చేతిలోకి తీసుకుని, మందు పెట్టె చూసి, పైకి చదువుతుంది: ఏ ఇన్సులిన్, మిల్లీలీటరుకు ఎంత, సిరంజి మూత ఏ రంగు, సిరంజి మీద ఏ బలం రాసి ఉంది, ఎన్ని యూనిట్లు. చివరికి "తిన్నాడా, ఎంత తిన్నాడు" అని అడుగుతుంది. ప్లేటు చూడకుండా ప్రీమిక్స్ ఇవ్వం. రాత్రిపూట ఒక్కరే ఉంటే పక్క వార్డు నర్సు వస్తుంది, లేదంటే డ్యూటీ డాక్టరు. మొదటి నెలలో "ఇంత టైమ్ ఎక్కడిది మేడమ్" అన్నారు. గడియారం పెట్టి చూశాం, ఒక్కో డోసుకు నిమిషం లోపే.

మందులు తీసేటప్పుడు పిలవొద్దని అటెండెంట్లకు చెప్పడం సగమే పనిచేసింది. నెల్లూరులో పేషెంటు వెంట నలుగురు వస్తారు, వాళ్ల టెన్షన్ వాళ్లది. సిరంజి చేతిలో ఉన్నప్పుడు ఎవరైనా పిలిస్తే, సిరంజి ట్రేలో పెట్టేసి వెళ్లి, తిరిగి వచ్చాక మొదటి నుంచి చదవమని చెప్పాను. అది పాటిస్తున్నారు.

పేర్లు లేకుండా పొరపాట్లు రాసే పుస్తకం పెట్టాక మూడో వారంలో ఒక పేజీ వచ్చింది. పొటాషియం క్లోరైడ్ 10 మి.లీ. ఆంపూల్స్, డిస్టిల్డ్ వాటర్ 10 మి.లీ. ఆంపూల్స్ ఒకే అరలో ఉన్నాయని. యాంటీబయాటిక్ పొడి కలపబోతూ చివరి క్షణంలో చూసుకున్నానని రాసింది. నేరుగా నరంలోకి తోస్తే పొటాషియం గుండెను ఆపేస్తుంది. ఆ రోజే దాన్ని తాళం అల్మారాలోకి మార్చాం. ఎవరు రాశారో నేను కనుక్కోలేదు.

దీనికి తిరగేసిన కేసు

కొన్నాళ్లకు అల్లూరు వైపు నుంచి ఒకామె వచ్చింది. షుగరు 400 దగ్గర. డోసు 20 నుంచి 36 దాకా పెంచుకుంటూ పోయారు, అయినా దిగడం లేదు. సిరంజి చూపించమన్నాను. సంచిలోంచి నారింజ మూతది తీసింది, సీసా మాత్రం 40 బలం. మందుల షాపులో అదే ఇచ్చారట. ఆమె 36 అనుకున్నది నిజానికి 14.4 యూనిట్లు. ఇందులో రెండో ప్రమాదం కూడా ఉంది. ఆమెకు ఎర్రమూత సిరంజి ఇచ్చి అదే 36 కొనసాగించి ఉంటే ఆ రాత్రే షుగరు పడిపోయేది. డాక్టరు గారు డోసును మళ్లీ మొదటి నుంచి వేశారు. షుగరు దిగని పేషెంటు వస్తే డోసు కన్నా ముందు సంచిలోని సిరంజిని చూడటం ఇప్పుడు మా వార్డులో అలవాటు.

తర్వాత

రొయ్యల గుంటల పెద్దాయన 12వ రోజు డిశ్చార్జి అయ్యాడు. పుండు శుభ్రపడింది, వేలు నిలిచింది. రాత్రి డోసు 12 యూనిట్లకు తగ్గించారు. వెళ్లేముందు భార్యకు పెన్ను తిప్పడం, రెండు అరచేతుల మధ్య మెల్లగా దొర్లించి కలపడం, ముందు రెండు యూనిట్లు బయటికి వదిలి చూసుకోవడం నేర్పింది ఆ రాత్రి డ్యూటీ అమ్మాయే. నేర్పుతానని తనే అడిగింది. కొత్తగా చేరిన నర్సులకు చెంచాల పాఠం కూడా ఇప్పుడు ఆమె చెబుతుంది.

రెండో నెల రివ్యూకి వచ్చినప్పుడు ఆ తల్లి చేతిసంచిలోంచి కార్ట్రిడ్జ్ పెట్టె తీసి బల్ల మీద పెట్టింది. కొత్త పెట్టె. పాత పెట్టె మీద మేము అతికించిన ప్లాస్టరు ముక్కను జాగ్రత్తగా ఊడదీసి దీనికి అంటించుకుంది. తడి తగిలి 100లో చివరి సున్నా చెరిగిపోయింది.

"ఇది మళ్లా రాసియ్యమ్మా" అంది. కొత్త ప్లాస్టరు వేసి రాసిచ్చాను.